ఉణుకూరు ఎటు పోయింది? మీ నియోజకవర్గం చరిత్ర మీరే రాసుకునే పద్ధతి

నేను మొదటిసారి రాసిన చార్టులో రెండో గడే తప్పు. మా బడి వార్షికోత్సవానికి ‘మన నియోజకవర్గం, మన ఎమ్మెల్యేలు’ అని రాసి గోడకి అంటించాను. 1952, 1957, 1962 అని ఐదేళ్లకొకటి చొప్పున స్కేలు పెట్టి గళ్లు గీసేశాను. 1957 గడి ఖాళీగా ఉంటే బాగోదని, అంతకు ముందాయన పేరే మళ్లీ రాసి పెట్టాను. చూడ్డానికి వచ్చిన ఒక తాతగారు చార్టు ముందు చాలాసేపు నిలబడి, మెల్లగా నా దగ్గరికొచ్చి, “టీచరమ్మా, యాభై ఏడులో మనకి అసెంబ్లీ ఎలచ్చన్లు ఎక్కడ జరిగినాయమ్మా?” అన్నారు. అందరి ముందూ అనలేదు, అది ఆయన మంచితనం.

ఆయన మాటే నిజం. ఆ రోజు మొదలుపెట్టిన నోట్‌బుక్ పూర్తవడానికి నాకు దాదాపు పదేళ్లు పట్టింది. మీకు అంత అక్కర్లేదు. నేను ఎక్కడెక్కడ కాలు జారానో చెప్తాను, మీరు ఒక వేసవి సెలవుల్లో చేసేయొచ్చు.

నా సంగతి ఒక్క మాట. ముప్పై ఏళ్లకు పైగా సాంఘికశాస్త్రం చెప్పి రిటైరయ్యాను. అత్తవారి ఊరు రేగిడి ఆమదాలవలస మండలంలో, నాగావళికి దగ్గర. నేను కాపురానికి వచ్చినప్పుడు మా ఊరు శ్రీకాకుళం జిల్లా, ఉణుకూరు నియోజకవర్గం. ఇప్పుడు విజయనగరం జిల్లా, రాజాం నియోజకవర్గం. ఇల్లు అంగుళం కదల్లేదు. మా మావయ్యగారు మాత్రం చివరిదాకా “మనది ఉణుకూరు” అనే అన్నారు.

ముందు ఊరిని పట్టుకోండి

నియోజకవర్గం పేరు పట్టుకుని వెనక్కి వెళ్తే దారి తప్పుతారు. రాజాం అని వెతికితే ఈ రాజాం 2009 దగ్గర ఆగిపోతుంది. అంతకుముందు మన జనానికి ఓటు లేదా? ఉంది, వేరే పేరు కింద ఉంది. అందుకని ఒక ఊరిని ఎంచుకోండి, మీ ఊరైతే మరీ మంచిది. ఒక్కో ఎన్నికకు ఒక పేజీ ఇచ్చి, ఆ ఏడు ఆ ఊరు ఏ తాలూకా లేక మండలం, ఏ జిల్లా, ఏ అసెంబ్లీ సీటు, ఏ లోక్‌సభ సీటు అన్నది పైన రాయండి. గెలిచినవాళ్ల పేర్లు తర్వాత సంగతి.

జిల్లా గడి తేలిక. శ్రీకాకుళం జిల్లా 1950 ఆగస్టు 15న విశాఖపట్నం జిల్లా నుంచి విడివడింది. విజయనగరం జిల్లా 1979 జూన్ 1న శ్రీకాకుళం, విశాఖ జిల్లాల ముక్కలతో వచ్చింది. 2022 ఏప్రిల్ 4న మళ్లీ సర్దారు: రాజాం వైపు మండలాలు విజయనగరానికి, పాలకొండ వైపువి కొత్త పార్వతీపురం మన్యం జిల్లాకి వెళ్లాయి. జిల్లా మారినంత మాత్రాన నియోజకవర్గం మారదు, ఈ రెండూ వేర్వేరు గీతలు. ఎచ్చెర్ల చూడండి: జిల్లా శ్రీకాకుళం, లోక్‌సభ సీటు విజయనగరం.

మండలం గడి దగ్గర మాత్రం ఓపిక కావాలి. మండలాలు 1985లో వచ్చాయి. అంతకుముందు కాగితాలన్నీ తాలూకాలు, ఫిర్కాలు (తాలూకాలో కొన్ని ఊళ్లు కలిపిన రెవెన్యూ భాగాలు), సమితుల లెక్కలో ఉంటాయి. 1970లలో నియోజకవర్గాల హద్దులు రాసిన ఉత్తర్వులో మన మండలాల పేర్లు వెతికితే ఒక్కటీ దొరకదు, ఫలానా తాలూకాలో ఫలానా ఫిర్కా అని ఉంటుంది. ఏ ఫిర్కాలో ఏ ఊళ్లున్నాయో తెలుసుకోవడానికి నాకు బాగా పనికొచ్చినవి పాత జనాభా లెక్కల జిల్లా పుస్తకాలు. 1961, 1971 పుస్తకాల్లో ఊళ్ల జాబితాలు ఉంటాయి. జనగణన శాఖ వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతాయి. పాత స్కానింగు, అక్షరాలు చీమల్లా ఉంటాయి. పెద్ద స్క్రీన్ మీద చూడండి, ఫోన్‌లో కళ్లు పోతాయి.

పేర్ల గందరగోళం సంగతి కూడా ఇక్కడే చెప్పేస్తాను. మా రేగిడి ఆమదాలవలస మండలానికీ ఆమదాలవలస నియోజకవర్గానికీ సంబంధం లేదు. ఒక పిల్లాడు నాకు సాయం చేస్తానని ఆమదాలవలస ఓట్లన్నీ మా ఖాతాలో కలిపేశాడు. వంగర అని వెతికితే పీవీ నరసింహారావుగారి తెలంగాణ వంగర వస్తుంది, మా వంగర మండలం రాదు. ఉణుకూరుని ఇంగ్లిషు రిపోర్టుల్లో ఒకచోట ‘వి’ అక్షరంతో, ఇంకోచోట ‘యు’ అక్షరంతో మొదలుపెట్టారు. రెండు రకాలుగానూ వెతకండి.

నియోజకవర్గాల వరస నంబర్లని అసలు నమ్మకండి. ఇచ్ఛాపురం పాత లెక్కలో 1. 2009లో, 2014లో తెలంగాణ వైపు నుంచి లెక్కపెట్టడం వల్ల అదే ఇచ్ఛాపురం 120 అయింది. రాష్ట్రం విడిపోయాక మళ్లీ 1. రాజాం అప్పుడు 128, ఇప్పుడు 9.

ఏ ఏడు ఎన్నిక, ఏ ఏడు కాదు

నా చార్టు తప్పు ఇక్కడిదే. 1952లో మనం ఓటేసింది మద్రాసు శాసనసభకి. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం వచ్చింది, 1955లో దాని శాసనసభకి ఎన్నికలు జరిగాయి. 1956లో తెలంగాణ కలిసి ఆంధ్రప్రదేశ్ అయ్యాక, 1957లో అసెంబ్లీ ఎన్నిక తెలంగాణ ప్రాంతానికే పెట్టారు. మన వైపు 1955లో గెలిచినవాళ్లే 1962 దాకా కొనసాగారు. తిరకాసు ఏమిటంటే, 1957లో మనవాళ్లు కూడా లోక్‌సభకి ఓటేశారు. కాబట్టి “యాభై ఏడులో ఓటేశాను” అని మీ తాతగారంటే అబద్ధం కాదు, అది ఎంపీ ఓటు.

ఆ తర్వాత అసెంబ్లీ ఏళ్లు ఇవి: 1962, 1967, 1972, 1978, 1983, 1985, 1989, 1994, 1999, 2004, 2009, 2014, 2019, 2024. వీటిలో 1972, 1978, 1983, 1985, 1994లలో అసెంబ్లీ ఎన్నిక ఒక్కటే జరిగింది, మిగతావాటిలో ఎంపీ, ఎమ్మెల్యే ఓట్లు కలిసి వచ్చాయి. కలిసి వచ్చినప్పుడు ఎంపీకి తెల్ల బ్యాలెట్, ఎమ్మెల్యేకి గులాబీ బ్యాలెట్. నేను డ్యూటీ చేసిన ఒక బూత్‌లో ఒకావిడ గులాబీ కాగితం మడిచి జాకెట్లో పెట్టుకుని బయటికి వెళ్లిపోబోయింది. “ఇది మాకివ్వరా?” అంది. లెక్క తేలకపోతే రాత్రంతా మాకు నిద్ర ఉండదు. ఆ టెన్షన్ పడ్డవాళ్లకే తెలుస్తుంది.

ఉప ఎన్నికలకు విడిగా ఒక పేజీ పెట్టండి. 1994లో ఎన్టీఆర్ హిందూపురంతో పాటు మన టెక్కలిలోనూ గెలిచి, టెక్కలి వదులుకున్నారు, అక్కడ మళ్లీ ఎన్నిక వచ్చింది. 1996లో ఎర్రన్నాయుడు హరిశ్చంద్రపురం ఎమ్మెల్యేగా ఉండి లోక్‌సభకి వెళ్లారు, ఆ సీటులో తమ్ముడు అచ్చెన్నాయుడు ఉప ఎన్నికలో గెలిచారు. సాధారణ ఎన్నికల రిపోర్టుల్లో ఇలాంటివి కనిపించవు. అందుకే చాలామంది జాబితాల్లో మధ్యలో పేర్లు ఎగిరిపోతాయి.

గీత కదిలిన చోట ఆగండి

నన్నడిగితే నియోజకవర్గం చరిత్రంటే ఇదే. గెలిచినవాళ్ల జాబితా ఎవరైనా గంటలో రాసేస్తారు. గీత ఎప్పుడు కదిలింది, కదిలినప్పుడు ఎవరు లోపలికి వచ్చారు, ఎవరు బయట పడ్డారు అన్నది తేల్చితేనే ఆ జాబితాకి అర్థం వస్తుంది.

మొదట్లో కొన్ని సీట్లకి ఇద్దరేసి సభ్యులుండేవారు, ఒకరు జనరల్, ఒకరు రిజర్వుడు. ఓటరుకి రెండు ఓట్లు. అలాంటి చోట పోలైన ఓట్లు ఓటర్ల సంఖ్యను దాటిపోయి కనిపిస్తే కంగారు పడకండి, అచ్చు తప్పు కాదు. 1961లో చట్టం తెచ్చి ఈ పద్ధతి తీసేశారు. కాబట్టి 1962తో పోల్చేటప్పుడు ఓట్లని కాదు, ఊళ్లని పోల్చండి.

తర్వాత 1971 జనాభా లెక్కల మీద ఒకసారి హద్దులు గీశారు, 1978 ఎన్నిక వాటితో జరిగింది. అవే గీతలు 2004 దాకా, పాతికేళ్లకు పైగా నడిచాయి. ఆ మధ్యలో పుట్టినవాళ్లకి ఉణుకూరు, సోంపేట, సతివాడ, తెర్లాం అనే పేర్లు కొండల్లా కదలనివనిపించాయి. 2001 లెక్కలతో కొత్త గీతలు 2008లో అమల్లోకి వచ్చాయి. శ్రీకాకుళం జిల్లాకి పన్నెండు సీట్లు పదయ్యాయి, విజయనగరానికి పన్నెండు తొమ్మిదయ్యాయి. రాష్ట్రం మొత్తం 294 అలాగే ఉంది, జిల్లాల మధ్య జనాభాని బట్టి పంచారు. హైదరాబాద్, రంగారెడ్డి వైపు పెరిగాయి. మా వైపు నుంచి హైదరాబాద్ వెళ్లి తాపీ పనులు, వాచ్‌మన్ పనులు చేసుకునేవాళ్లు ఎంతమందో! మనుషులు వెళ్లారు, వెనకాలే సీట్లూ వెళ్లాయి అని నేనంటుంటాను.

పోయినవి రాసుకోండి: శ్రీకాకుళం వైపు సోంపేట, హరిశ్చంద్రపురం, కొత్తూరు, ఉణుకూరు. విజయనగరం వైపు నాగూరు, తెర్లాం, ఉత్తరాపల్లి, భోగాపురం, సతివాడ. కొత్తగా వచ్చినవి పలాస, రాజాం, కురుపాం, నెల్లిమర్ల. లోక్‌సభలో బొబ్బిలి, పార్వతీపురం సీట్లు పోయి విజయనగరం, అరకు వచ్చాయి.

ఇప్పుడు మా ఇంటి లెక్క చూడండి, మీరూ ఇలాగే వేయాలి. 2004లో ఉణుకూరు జనరల్ సీటు, ఎచ్చెర్ల ఎస్సీ, పాలకొండ ఎస్సీ. ఉణుకూరులో కిమిడి కళావెంకటరావు, ఎచ్చెర్లలో కోండ్రు మురళీమోహన్, పాలకొండలో కంబాల జోగులు గెలిచారు. 2009కి ఎచ్చెర్ల జనరల్ అయింది. కొత్తూరు ఎస్టీ సీటు రద్దయి సీతంపేట, భామిని వచ్చి కలవడంతో పాలకొండ ఎస్టీ అయింది. మా ఉణుకూరు పోయి రాజాం వచ్చింది, ఎస్సీ రిజర్వుడుగా. ఇక తర్వాతి గెలుపులు చూడండి: రాజాంలో 2009లో మురళీమోహన్, 2014లోనూ 2019లోనూ జోగులు, 2024లో మళ్లీ మురళీమోహన్. అంటే పాత ఎచ్చెర్ల ఎమ్మెల్యే, పాత పాలకొండ ఎమ్మెల్యే ఇద్దరూ మా ఊరి బ్యాలెట్‌లోకి వచ్చారు. ఉణుకూరు నుంచి 1983, 1985, 1989, 2004లలో గెలిచిన కళావెంకటరావు 2014లో ఎచ్చెర్ల నుంచి గెలిచారు. ఎచ్చెర్లలో ఏళ్ల తరబడి గెలిచి, 1999లో శాసనసభకి మొదటి మహిళా స్పీకర్ అయిన కావలి ప్రతిభా భారతి కూడా రాజాం వచ్చి పోటీ చేశారు, 2014లో చాలా కొద్ది ఓట్లతో ఓడిపోయారు.

“వీళ్లంతా ఊళ్లు మారుతుంటారు, నిలకడ లేదు” అని టీ కొట్టు దగ్గర అంటుంటారు. పార్టీలు మారడం వేరే సంగతి. సీటు మాత్రం వాళ్లు మారింది తక్కువ, వాళ్ల కింద నేల మారింది ఎక్కువ. ఈ నాలుగు పేర్లనీ ఒకే కాగితం మీద బాణాలు గీసి కలిపేదాకా నాకూ ఈ సంగతి తట్టలేదు. మీరు కూడా మీ నియోజకవర్గాన్ని ఒక్కదాన్నే రాయకండి. చుట్టూ ఉన్న మూడు సీట్లకైనా పక్కన గళ్లు వేయండి.

లెక్కలు ఎక్కడ దొరుకుతాయి

ఎన్నికల సంఘం ప్రతి అసెంబ్లీ ఎన్నికకీ గణాంకాల రిపోర్టు వేస్తుంది, మొదటి ఎన్నిక నుంచీ వెబ్‌సైట్‌లో ఉన్నాయి. అభ్యర్థి, పార్టీ, ఓట్లు, మొత్తం ఓటర్లు అన్నీ అందులో ఉంటాయి. అందులోంచి దించుకునేటప్పుడు మెజారిటీతో పాటు చెల్లిన ఓట్లలో అది ఎంత శాతమో కూడా వేయండి. 1955లో వెయ్యి ఓట్ల మెజారిటీ వేరు, 2024లో వెయ్యి వేరు. ఓటు వయసు 21 నుంచి 18కి తగ్గి 1989లో ఓటర్లు ఒక్కసారి పెరిగారని కూడా గుర్తుంచుకోండి. చెల్లిన ఓట్లలో ఆరో వంతు రానివాళ్లకి డిపాజిట్ పోతుంది. ఎంతమందికి పోయిందో లెక్కేస్తే ఆ ఏడు పోటీ ఇద్దరి మధ్యా, ముగ్గురి మధ్యా అన్నది తెలిసిపోతుంది.

ఊరి స్థాయికి దిగాలంటే ఫారం 20 కావాలి. బూత్‌ల వారీగా ఎవరికెన్ని వచ్చాయో చెప్పే చివరి లెక్క అది. ఈమధ్య ఎన్నికలవి రాష్ట్ర ప్రధాన ఎన్నికల అధికారి వెబ్‌సైట్‌లో ఉంటాయి. అందులో బూత్ నంబరే ఉంటుంది, ఊరి పేరు ఉండదు. అదే ఏడాది పోలింగ్ కేంద్రాల జాబితా పక్కన పెట్టుకుని చూడాలి. ఇది తప్పనిసరి, ఎందుకంటే ఓటర్లు పెరిగితే బూత్ రెండవుతుంది, దాని తర్వాత నంబర్లన్నీ జరుగుతాయి. నేనొకసారి నిరుటి జాబితాతో చదివి, మా ఊరు పక్కూరి పార్టీకి ఓటేసిందని రాసేశాను. మా తోటికోడలు నన్ను నెలరోజులు ఆటపట్టించింది. పోస్టల్ ఓట్ల వరస కూడా వదలకండి. మన జిల్లాల్లో సైన్యంలో ఉన్న పిల్లలు ఎక్కువ.

ముసలివాళ్లని ఏడాది అడగకండి, గుర్తు అడగండి

“మీరు మొదటిసారి ఎప్పుడు ఓటేశారు తాతా?” అంటే ఏదో ఒక ఏడు చెప్తారు, పదేళ్లు అటూ ఇటూ. “ఏ గుర్తుకేశారు?” అంటే తడుముకోరు. కాడెద్దులు అంటే 1952 నుంచి 1967 దాకా కాంగ్రెస్. ఆవూ దూడా అంటే డెబ్భైల మాట. మన అసెంబ్లీ ఎన్నికల్లో చెయ్యి గుర్తు 1978 నుంచి. నక్షత్రం అంటే స్వతంత్ర పార్టీ, అరవైల మాట. గుడిసె అంటే ప్రజా సోషలిస్టులు. కంకి కొడవలి కమ్యూనిస్టులు. సైకిల్ అంటే తెలుగుదేశం, 1983 నుంచి. రైలింజను అంటే 2009, ప్రజారాజ్యం. ఈ పట్టికని అట్ట మీద రాసుకుని జేబులో పెట్టుకెళ్లండి.

ఓటు వేసిన తీరు కూడా అడగండి. మొదటి ఎన్నికల్లో అభ్యర్థికొక పెట్టె ఉండేది, దాని మీద గుర్తు అంటించేవారు, ఓటరు కాగితాన్ని తనకి నచ్చిన పెట్టెలో వేయాలి. 1962 నాటికి కాగితం మీద ముద్ర గుద్దే పద్ధతి వచ్చింది. మా ఊరి మామ్మగారొకరు ఇలా చెప్పారు: “కాడెద్దుల పెట్టిలోనే ఏసినానమ్మా, గుద్దడం తరవాతొచ్చింది. పెట్టికి దండం కూడా ఎట్టినాను.” ఆ ఒక్క మాటతో ఆవిడ మొదటి ఓటు 1962కి ముందుదని తేలిపోయింది.

ముగ్గురు చెప్పిన మాట కలిస్తేనే రాయండి. ఒకరు చెప్పింది రాయాలనిపిస్తే “ఫలానా ఊరి పెద్దావిడ చెప్పినది” అని రాయండి, పేరు అక్కర్లేదు. ఓటు ఎవరికేశారో చెప్పినవాళ్ల పేరు అసలు రాయకూడదు. ఊళ్లో రేపు వాళ్లు తిరగాలి.

ఎన్నికకీ ఎన్నికకీ మధ్య జరిగినవాటికి ఒకట్రెండు పేజీలుంచండి. కొండ ప్రాంతపు సీటు రాస్తున్నవాళ్లు 1967 అక్టోబరు 31న లేవిడి దగ్గర ఇద్దరు గిరిజనులు చనిపోయిన సంగతి, ఆ తర్వాతి శ్రీకాకుళం గిరిజన సాయుధ పోరాటం వదిలేసి 1972 ఫలితాలు రాస్తే అది సగం కాగితమే. ఇచ్ఛాపురం రాసేవాళ్లకి 2010 జులై 14 సోంపేట కాల్పులు, టెక్కలి రాసేవాళ్లకి 2011 ఫిబ్రవరి 28 కాకరాపల్లి కాల్పులు అలాంటివే. రెండూ థర్మల్ ప్లాంట్ల గొడవలు. మా వైపైతే నీళ్లు: నాగావళి వరదలు, వంగర దగ్గర మడ్డువలస రిజర్వాయరు. ఎవరి పొలానికి నీళ్లు వచ్చాయి, ఎవరికి రాలేదు అన్నది ఓటులో కనిపిస్తుందా అని నేను బూత్ లెక్కలు పెట్టుకుని చూశాను. కొన్ని ఊళ్లలో కనిపించింది, కొన్నింట్లో తలకిందులైంది. కనిపించినవే రాసి మిగతావి దాచేయాలనిపిస్తుంది. దాచకండి.

కులం లెక్కలు ఎవరైనా నోటితో చెప్తే నోట్‌బుక్‌లోకి ఎక్కించకండి. మండపం దగ్గర కూర్చుని “మావాళ్లు నలభై వేలు” అనేవాళ్లందరి అంకెలూ కూడితే నియోజకవర్గం జనాభాకి రెండింతలు వస్తుంది, నేను ఒకసారి సరదాకి కూడి చూశాను.

అంతా అయ్యాక నాలుగు కాపీలు జిరాక్స్ తీయించి, స్పైరల్ బైండింగ్ చేయించండి. ఒకటి బడికి, ఒకటి దగ్గర్లోని గ్రంథాలయానికి, ఒకటి మీకు, ఇంకొకటి మిమ్మల్ని తప్పు పట్టగల మనిషికి. నా నాలుగో కాపీ ఆ తాతగారికే ఇద్దామనుకున్నాను, అప్పటికి ఆయన లేరు. వాళ్లబ్బాయికి ఇచ్చాను. వారం తిరక్కుండా అట్ట మీద చీటీ అంటించి తిప్పి పంపాడు: “టీచరుగారూ, పన్నెండో పేజీలో ఒక బూత్ రెండుసార్లు పడింది. నాన్నయితే మొదటి రోజే చెప్పేవారు.” చూశాను, రెండుసార్లే పడింది. ఆ పేజీ మళ్లీ రాసి పంపాను.